అమ్మ దిగాలనుకున్న మలుపు

మా అమ్మ పుట్టిల్లు ఆంధ్రలోని సాలూరు, అత్తిల్లు ఒడిశాలోని జయపురం. ఈ రెండు ఊళ్ళ మధ్య దూరం వంద కిలోమీటర్లకు కాస్త అటూ ఇటూగా ఉంటుంది కానీ, ఆ దూరమంతా తూర్పు కనుమలు అడ్డంగా పరుచుకుని ఉంటాయి. సాలూరు కొండల పాదం దగ్గర, వేగావతి ఒడ్డున ఉన్న మైదానపు ఊరు. కొరాపుట్ దాదాపు 870 మీటర్ల ఎత్తున, పీఠభూమి మీద ఉన్న పట్నం. జయపురం మళ్ళీ దానికి దిగువన, పడమటి వైపున ఉంటుంది. అందుచేత అమ్మ పుట్టింటికి వెళ్ళాలంటే ముందు ఒక ఘాటు, అంటే మలుపుల కొండదారి, ఎక్కాలి, పైన పీఠభూమి మీద గంటన్నరో రెండు గంటలో ప్రయాణం చెయ్యాలి, ఆ తరవాత అంతకంటే పెద్ద ఘాటు దిగాలి. 1972 వేసవిలో పెళ్ళయి వచ్చిన నాటినుంచి 2003 వరకు, అంటే ముప్ఫై ఒక్క ఏళ్ళ పాటు, ఆవిడ ఏడాదికి రెండు మూడు సార్లు ఆ దారినే బస్సులో వెళ్ళి వచ్చింది. పురుళ్ళకు వెళ్ళింది, పెద్దపండగలకు వెళ్ళింది, తాతగారు పోయారని కబురొస్తే కొంగు నోట్లో కుక్కుకుని వెళ్ళింది. అన్నిసార్లు వెళ్ళినా ఆ కొండల్లో తన ఇష్టానికి ఒక్క నిమిషమైనా ఆగలేదన్న సంగతి మా ఇంట్లో ఎవరికీ తట్టలేదు.

పిల్లలుగా మాకు ఘాటు అంటే నిమ్మకాయ వాసన. పొట్టంగి దాటి బస్సు దిగువకు తిరగగానే అమ్మ చేతిసంచిలోంచి నిమ్మకాయ తీసి, గోటితో తొక్క గీరి, మా ముగ్గురి ముక్కుల దగ్గరా వంతులవారీగా పెట్టేది. కళ్ళు మూసుకోమనేది, కిందికి చూడొద్దనేది. అన్నయ్య తల ఆవిడ ఒడిలో, నా తల ఆవిడ భుజం మీద, తమ్ముడు నాన్నగారి దగ్గర. ఆ వయసులో ఘాటు అంటే నాకు గుర్తున్నదల్లా మూసుకున్న రెప్పల మీద మలుపు మలుపుకూ మారే ఎండా నీడా, సీటు రెక్సిను వాసన, బస్సు ఊగినప్పుడల్లా చెవికి తగిలే అమ్మ గాజుల చప్పుడు, అంతే. మేము కళ్ళు మూసుకుని పడుకున్నంతసేపూ ఆవిడ కళ్ళు తెరిచి కిటికీలోంచి ఏం చూసేదో మాకు తెలియదు.

2003లో నేను విజయనగరంలో ఉద్యోగంలో చేరి ఏడాది అయింది. నాన్నగారు జయపురం బజారులో బట్టల కొట్టును అన్నయ్యకు అప్పగించి, జీవితంలో మొదటిసారిగా పొద్దున్న పదింటికి కూడా ఇంట్లో ఉండడం మొదలుపెట్టారు. కార్తీక మాసంలో సెలవు పెట్టి ఇంటికి వెళ్ళినప్పుడు, నా డబ్బుతో వాళ్ళిద్దరినీ ఎక్కడికైనా తీసుకువెళ్ళాలనుకుని, కాశీకి వెళదామా, తిరుపతికి వెళదామా అని అమ్మని అడిగాను. ఆవిడ పెసరపప్పులో రాళ్ళు ఏరుతూ తల ఎత్తకుండానే, "మన ఘాటు ఒక్కసారి పగటిపూట ఆగుతూ ఆగుతూ చూడాలనుందే," అంది. నాన్నగారు పేపరు మడిచి ఆవిడ వైపు చూశారు. అదేమి కోరిక అని అడుగుతారేమో అనుకున్నాను కానీ అడగలేదు. "శుక్రవారం వెళదాం, కుందులి సంత కూడా చూడవచ్చు," అన్నారు.

అప్పట్లో మా ఊరికి బయటినుంచి వచ్చేవారిలో కొందరు మనిషిని మాట్లాడుకుని, జీపు కట్టించుకుని, ఒక్కరోజులో కొండలన్నీ తిరిగి చూసి వెళ్ళేవారు. దుడుమ జలపాతం చూసేవారు కొందరు, గుప్తేశ్వరం వెళ్ళేవారు కొందరు. ఉన్న ఊళ్ళో వాళ్ళం మనం అలా చూడవచ్చునని మాకు ఎప్పుడూ తోచలేదు. నాన్నగారు విచారించి కుదిర్చిన మనిషి నలభై ఏళ్ళు సాలూరు లారీ తోలి, కళ్ళు మసకబారుతున్నాయని మానేసి, ఆపరేషను అయ్యాక జయపురంలో కూతురి దగ్గర ఉంటున్నాడు. అల్లుడి కమాండర్ జీపు మీద ఇలా వచ్చేవాళ్ళను తిప్పి చూపించేవాడు. తెలుగు, ఒడియా, సంతల్లో అందరూ మాట్లాడుకునే దేశియా, మూడూ ఒకే తీరుగా మాట్లాడేవాడు. డీజిలు మాది, జీపుకూ మనిషికీ కలిపి ఆరువందలు అని మాట అయింది. అమ్మది సాలూరు అని వినగానే, "ఏ వీధమ్మా?" అని అడిగి, చెప్పగానే మా తాతగారి పేరు ఆయనే చెప్పాడు. ఆ క్షణం నుంచి అమ్మ ఆయనకు చెల్లెమ్మ అయింది, నాన్నగారు బావగారు అయ్యారు, నాకు ఆయన మావయ్య అయ్యాడు. సాలూరు లారీల ఊరు. అక్కడ ప్రతి ఇంటికీ ఎవరో ఒక డ్రైవరు అన్నయ్య ఉంటాడు.

శుక్రవారం తెల్లవారుజామున ఇంకా చుక్కలుండగానే బయలుదేరాం. అమ్మ రాత్రే పులిహోర కలిపి, సున్నుండలు డబ్బాలో సర్ది, అలవాటు కొద్దీ రెండు నిమ్మకాయలు కూడా సంచిలో వేసుకుంది. మొదటి ఘాటు జయపురం నుంచి కొరాపుట్‌కు ఎక్కేది. సగం ఎక్కాక మావయ్య జీపు ఒక వారగా ఆపి, దిగి వెనక్కి చూడమన్నాడు. తూర్పున కొండ వెనకాల వెలుగు వస్తోంది కానీ, మా ఊరు ఇంకా నీడలోనే ఉంది. పొలాల మీద తెల్లగా మంచు, ఆ మంచులోంచి పొడుచుకు వచ్చిన చెట్ల తలలు, దూరంగా జగన్నాథ సాగరం మీద సన్నని మెరుపు. నేను పుట్టి పెరిగిన ఊరిని పైనుంచి చూడడం అదే మొదటిసారి. మా కొట్టు ఉన్న వీధి ఎక్కడుందో వేలు పెట్టి చూపించడానికి నాన్నగారు చాలాసేపు ప్రయత్నించారు.

అక్కడే నిలబడి ఆయన జయపురం రాజుగారి సంగతి ఎత్తుకున్నారు. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడేదాకా మా జయపురం సంస్థానమంతా మద్రాసు రాజధానిలోని విశాఖపట్నం జిల్లాలో ఉండేదని, మా ఊరి వ్యవహారాలన్నీ ఈ కొండలు దిగే జరిగేవని చెప్పారు. మహారాజు విక్రమదేవ వర్మగారు ఒడియాలోనూ తెలుగులోనూ రచనలు చేసిన పండితుడు. ఆంధ్ర విశ్వవిద్యాలయానికి ఆయన ఇచ్చిన విరాళాలకు గుర్తుగా అక్కడి సైన్సు కళాశాలకు ఆయన పేరే పెట్టారు. కొండమీది రాజు డబ్బుతో కిందనున్న సముద్రం ఒడ్డున తెలుగు పిల్లలు చదువుకున్నారని చెప్పేటప్పుడు నాన్నగారి గొంతు కొంచెం మారేది. ఆ మాట నేను ఎన్నోసార్లు విన్నాను కానీ, ఆ ఘాటు మధ్యలో నిలబడి విన్నప్పుడు, రాజుగారైనా మా అమ్మయినా ఈ రోడ్డే దిగి వెళ్ళారు కదా అనిపించింది.

కొరాపుట్‌లో కొండ మీది జగన్నాథస్వామిని దర్శించుకున్నాం. శబర శ్రీక్షేత్రమని పిలిచే ఆ గుడి అమ్మ కాపురానికి వచ్చిన ఏడే, 1972లోనే వెలిసింది. అక్కడ కులమతాల ఆరా లేకుండా అందరినీ లోపలికి రానిస్తారని అమ్మకు దాని మీద ప్రత్యేకమైన గౌరవం. గుడి దాటాక సునాబెడ. యుద్ధవిమానాల ఇంజన్లు తయారుచేసే హెచ్ఏఎల్ ఫ్యాక్టరీ చుట్టూ పెరిగిన ఊరు అది. మా బంధువుల్లోనే ఇద్దరు అక్కడ పనిచేసి రిటైరయ్యారు. వాటిని గురించి ఎక్కువ చెప్పను, ఎందుకంటే ఆ రోజు మా మనసంతా సునాబెడ దాటాక వచ్చిన పొలాల మీదే నిలిచిపోయింది.

సెమిలిగుడ చుట్టుపక్కల కార్తీక మాసంలో వలిసెలు పూస్తాయి. చిన్నప్పుడు బస్సులో వెళ్ళేటప్పుడు పచ్చగా ఏదో గీతలా కిటికీలోంచి జారిపోయేది. జీపు ఆపించి దిగి గట్టు మీద నిలబడితే, మోకాలి ఎత్తున సన్నని కాడలు, కాడ చివర పొద్దుతిరుగుడు పువ్వుకు చిన్న చెల్లెలిలా ఉన్న పసుపుపచ్చ పువ్వు, ప్రతి పువ్వు మీదా ఒక తేనెటీగ కనిపించాయి. ఏటవాలుగా ఉన్న మెట్ట మీద, వరి పండని చోటల్లా కొండంతా ఆ పసుపే. మావయ్య రెండు రేకలు చిదిమి అమ్మ చేతిలో పెట్టి, ఈ గింజలతోనే ఇక్కడి వాళ్ళు నూనె ఆడించుకుంటారని చెప్పాడు. దిగువన గెడ్డ, అంటే కొండవాగు, పారే లోయల్లో మాత్రం మెట్లు మెట్లుగా వరి మళ్ళు. పై మడి నిండి కింది మడికి, కింది మడి నిండి ఇంకా కిందికి నీరు దానంతటదే దిగేలా, ఎవరు గీశారో తెలియని కొలతలతో కట్టుకున్న మళ్ళు అవి. కొరాపుట్ సంప్రదాయ వ్యవసాయాన్ని ప్రపంచ వారసత్వంగా ఐక్యరాజ్యసమితి ఆహార వ్యవసాయ సంస్థ 2012లో గుర్తించిందని చదివినప్పుడు, మా ప్రాంతపు కాలాజీరా బియ్యానికి 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చిందని విన్నప్పుడు, నాకు కళ్ళ ముందు కదిలినవి ఆ మళ్ళే.

అక్కడినుంచే దేవమాలి కనిపించింది. ఒడిశా మొత్తంలో ఎత్తైన శిఖరం అది, 1,672 మీటర్లు. పేరు విన్న వాళ్ళు నిటారుగా, వాడిగా ఉంటుందనుకుంటారు కానీ, తూర్పు కనుమలు చాలా పాతవి, గాలికీ వానకీ అరిగి గుండ్రబడినవి. దేవమాలి కూడా పడుకున్న ఏనుగు వీపులా వంపుగా, చెట్లు తక్కువై గడ్డి ఎక్కువై, మబ్బు నీడ మీద పడినప్పుడల్లా రంగు మారుతూ ఉంది. అమ్మ చాలాసేపు చూసి, "ఇన్నాళ్ళూ ఇది మబ్బేమో అనుకున్నాను," అంది.

కుందులి చేరేసరికి సంత నిండుగా ఉంది. చుట్టుపక్కల కొండల మీద ఊళ్ళనుంచి పరజాలు, గదబలు, కోదులు అనే గిరిజనులు తెల్లవారకముందే బయలుదేరి, కావిళ్ళతోనూ తల మీద బుట్టలతోనూ దిగి వస్తారు. అల్లం కుప్పలు, పసుపు, చోళ్ళు (రాగులు), చింతపండు, కట్టలు కట్టిన అడ్డాకులు, కొండచీపుళ్ళు, కాళ్ళు కట్టేసిన కోళ్ళు. అల్లానికి ఇంకా ఎర్రమట్టి తడి ఆరలేదు. వేలితో కణుపు విరిస్తే వచ్చిన ఘాటుకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ముక్కుకు రెండు వైపులా పుడకలు పెట్టుకున్న ఒక పెద్దావిడ దగ్గర అమ్మ చోళ్ళు కొంది. ఆవిడ మానికతో కొలిచి పోసి, చివర దోసిలితో ఇంకొంచెం తీసి కలిపింది. ఆ కొసరుకు అమ్మ తెలుగులో ఏదో అంది, ఆవిడ దేశియాలో ఏదో అంది, ఇద్దరూ నవ్వుకున్నారు. నాన్నగారు ముప్ఫై ఏళ్ళ కిందట ఇదే సంతకు సైకిలు మీద బట్టల మూట తెచ్చి అమ్మేవారట. ఆ సంగతి నాకు ఆ రోజే తెలిసింది. ఆయన చింతచెట్టు కింద ఒక చోటు చూపించి, "ఇక్కడ పరిచేవాణ్ణి," అన్నారు. ఆ చోట ఇప్పుడు ఎవరో ప్లాస్టిక్ బిందెలు పెట్టుకుని అమ్ముతున్నారు. ఆయన అక్కడే కాసేపు నిలబడి, అవసరం లేకపోయినా ఒక బిందె కొన్నారు.

పొట్టంగి దగ్గర మంచు మమ్మల్ని ఆపేసింది. అప్పటిదాకా ఎండ కాస్తున్న రోడ్డు మీదికి కింది లోయలోంచి తెల్లగా లేచి వచ్చి, రెండు నిమిషాల్లో జీపు ముందున్న దీపాలు కూడా కనిపించనంతగా కమ్ముకుంది. ఎదురుగా ఒక లారీ హారను మోగుతోంది కానీ ఎక్కడుందో తెలియడం లేదు. మావయ్య జీపును కొండవారకు చేర్చి ఆపి, ఇంజను కట్టేసి, వెనక చక్రం కింద రాయి పెట్టి వచ్చి కూర్చున్నాడు. "ఘాటులో తొందర పడినోడు ఇంటికి పోడు బావగారూ. ఇది దాని ఇష్టం వొచ్చినప్పుడు పోద్ది," అన్నాడు. అరగంట అలా కూర్చున్నాం. పులిహోర అక్కడే తిన్నాం. ఆ అరగంటలోనే ఆయన ఆ రోడ్డు కథ చెప్పాడు.

తన చిన్నప్పుడు ఇంకా లారీలు తక్కువని, తన తాత ఎద్దుల మీద ఉప్పు వేసుకుని ఈ కొండలు ఎక్కేవాడని, పైనుంచి ధాన్యం వేసుకుని దిగేవాడని చెప్పాడు. కొండమీద దొరకనిది ఉప్పు ఒక్కటే, అందుకే ఉప్పు కోసమే ఈ దారులు పడ్డాయని ఆయన నమ్మకం. మేము వెళ్ళిన నాటికి ఆ రోడ్డు 43వ నంబరు జాతీయ రహదారి, విజయనగరం నుంచి సాలూరు, కొరాపుట్, జయపురం మీదుగా రాయపూర్ దాకా పోయేది. తరవాత నంబర్లు మార్చినప్పుడు మా వైపు 26 అయింది. ఆయన మాత్రం నంబరు ఎప్పుడూ చెప్పలేదు, "రాయపూర్ రోడ్డు" అనే అన్నాడు. ఎడమ పక్కన లోయ చూపించి, అటు కొఠియా గ్రామాలున్నాయని చెప్పాడు. ఒడిశా తనవంటుంది, ఆంధ్ర తనవంటుంది. 1968లో సుప్రీంకోర్టుకెక్కిన తగువు అది. ఇరవై ఒక్క ఊళ్ళు. అక్కడి మనుషులు రెండు రాష్ట్రాల కార్డులూ దాచుకుని, తమ చోళ్ళు తాము పండించుకుంటూ ఉంటారు.

మంచు విడిపోయాక ఆయన మమ్మల్ని రోడ్డు పక్కన ఒక గట్టు మీదికి నడిపించాడు. పెద్ద ఎత్తేమీ కాదు, ఒక చదును రాయి, రెండు ఉసిరిచెట్లు. కానీ అక్కడ నిలబడి ఆయన చెప్పిన మాట నాకు ఇప్పటికీ తలచుకుంటే ఒళ్ళు పులకరిస్తుంది. ఈ గట్టుకు పడమటి వైపున పీఠభూమి మీద పడిన వాన కొలాబు నదిలోకి పోతుంది. ఆ కొలాబే దిగువకు వెళ్ళి శబరి అవుతుంది, కూనవరం దగ్గర గోదావరిలో కలుస్తుంది. తూర్పు వైపున పడిన వాన ఘాటు దిగి వేగావతిలో చేరి, సాలూరు పక్కనుంచి పారి, నాగావళిలో కలిసి శ్రీకాకుళం దగ్గర సముద్రంలోకి పోతుంది. "ఇటు పడ్డ సుక్క భద్రాద్రి వైపు, అటు పడ్డ సుక్క మన సాలూరు," అన్నాడు మావయ్య. అమ్మ ఆ రాయి మీద కూర్చుని కాసేపు తూర్పు వైపు, కాసేపు పడమటి వైపు చూసింది. ఒకవైపు పుట్టిల్లు, ఒకవైపు అత్తిల్లు. ఆవిడ ఏమీ అనలేదు. చేతిలోని మంచినీళ్ళ సీసా మూత తీసి, మిగిలిన నీళ్ళు సగం ఇటు, సగం అటు పోసింది.

సుంకి దాటగానే అసలైన ఘాటు మొదలైంది. అక్కడినుంచి రాతిబోర్డుల మీద ఒడియా పోయి తెలుగు వస్తుంది, చెట్లు మారతాయి, గాలి వేడెక్కుతుంది. మావయ్య ఆ దారి దిగే తీరు చూస్తే అదొక విద్య అని తెలిసింది. ఏ గేరులో ఎక్కుతామో ఆ గేరులోనే దిగాలని, బ్రేకు మీద కాలు పెట్టి దిగినవాడి బ్రేకులు కాలి, అవసరం వచ్చినప్పుడు పట్టవని, బండి వేగాన్ని ఇంజనుతోనే పట్టి ఉంచాలని చెప్పాడు. ఎక్కే బండికి దిగే బండి దారి ఇవ్వాలి, ఎందుకంటే బరువుతో ఎక్కే బండి ఒకసారి ఆగితే మళ్ళీ కదలడం కష్టం. ఎదురుగా లారీ వచ్చినప్పుడల్లా ఆయన ముందుగానే వారకు తప్పుకుని ఆగేవాడు. పైకి వెళ్ళే డ్రైవరు చెయ్యి ఎత్తేవాడు, ఈయన చెయ్యి ఎత్తేవాడు.

రోడ్డును కూడా ఆయనే చూపించాడు. ఘాటు రోడ్డు అడ్డంగా సమంగా ఉండదు, కొండ వైపుకు కొంచెం వాలి ఉంటుంది. పైనుంచి దిగే వాననీరు లోయ వైపు అంచును కోసెయ్యకుండా, కొండవార కాలువలోకి చేరి, అక్కడక్కడా ఉన్న తూముల గుండా రోడ్డు కిందనుంచి అవతలకు దిగిపోవడానికి అలా కడతారు. ఆకులు, రాళ్ళు పడి ఒక్క తూము మూసుకుపోతే చాలు, ఆ నీరు రోడ్డెక్కి, ఒక్క రాత్రిలో అంచునంతా లోయలోకి లాక్కుపోతుంది. అందుకే వానాకాలంలో గ్యాంగు కూలీలు పారలు పట్టుకుని ఘాటు పొడవునా తిరుగుతుంటారు. ఒక చోట కిందికి వంగి, రోడ్డును మోస్తున్న రాతి కట్టుబడిని చూశాను. చెక్కిన నల్లరాళ్ళు, నాచు పట్టి, వాటి సందుల్లోంచి ఫెర్ను మొక్కలు మొలిచి ఉన్నాయి. ఒక రాయి మీద ఉలి దెబ్బలు వరసగా, చేపపొలుసుల్లా, ఇంకా స్పష్టంగా కనిపిస్తున్నాయి. ఎవరో ఒక మనిషి ఈ లోయ అంచున కూర్చుని కొట్టిన దెబ్బలు. మా అమ్మ పురుటికి వెళ్ళినప్పుడూ, మేము కళ్ళు మూసుకుని పడుకున్నప్పుడూ మమ్మల్ని మోసింది ఆ రాయే.

ఘాటులో చాలావరకు దిగాక అమ్మ ముందుకు వంగి కూర్చుంది. "అన్నయ్యా, కింద అమ్మవారి గుడి నుంచి లెక్కపెడితే పైకి ఏడో మలుపు. ఎడమ పక్కన బండ మీదినుంచి గెడ్డ పడుతుంది. అక్కడ ఆపుతావా?" అని అడిగింది.

"ఆపమన్న చోటల్లా ఆపుతాను చెల్లెమ్మా, అందుకే గదా వచ్చింది. నువ్వు పైనుంచి వస్తూ కిందనుంచి లెక్క చెప్తే ఎలాగ?" అన్నాడు మావయ్య. కానీ ఆయనకు ఆ గెడ్డ తెలుసు. ఇంకో మూడు మలుపులు తిరిగి సరిగ్గా దాని ముందు ఆపాడు.

పెద్ద జలపాతమేమీ కాదు. నాలుగు నిలువుల ఎత్తున నల్లని బండ, దాని మీదినుంచి జారే పలచని నీటి తెర, కింద మోకాలిలోతు మడుగు, పక్కన అడవి అరటిచెట్లు. ఆ నీరు తూములోంచి రోడ్డు కిందకు పోయి అవతల లోయలో మళ్ళీ వినిపిస్తోంది. బస్సులోంచి చూస్తే రెండు క్షణాలు కనిపించి మలుపు తిరిగిపోతుంది. అమ్మ చెప్పులు విప్పి, చీర కుచ్చెళ్ళు ఎత్తి పట్టుకుని, మడుగులోకి దిగి నిలబడింది. అప్పుడు చెప్పింది.

పెళ్ళయి మొదటిసారి కాపురానికి వెళుతున్నప్పుడు బస్సు ఈ మలుపులోనే ఆగిందట. ఎక్కి ఎక్కి రేడియేటరులో నీళ్ళు మరిగిపోయి, పొగలు కక్కుతూ ఆగిపోయింది. అందరూ దిగారు. అప్పటికి ఆవిడకు పంతొమ్మిదేళ్ళు. కాళ్ళకు పారాణి ఇంకా ఆరలేదు, కన్నీళ్ళకు కాటుక మొహమంతా పాకింది. ఎవరూ చూడకుండా ఈ మడుగులోకి దిగి మొహం కడుక్కుంది, దోసిలితో నీళ్ళు తాగింది. ఆ చల్లదనానికి ఏడుపు ఆగిపోయిందట. పైకి చూస్తే కొండ మీద కొండ, దాని మీద ఇంకో కొండ కనిపించాయి. అప్పటిదాకా ఈ కొండల అవతల ఊరంటే భయపడిన పిల్లకు, ఇంత చక్కని దారి ఉన్న ఊరు చెడ్డదై ఉండదనిపించిందట. తరవాత ఎన్నోసార్లు వెళ్ళి వచ్చింది కానీ, బస్సు మళ్ళీ ఎప్పుడూ ఇక్కడ ఆగలేదు. ప్రతిసారీ మమ్మల్ని కళ్ళు మూసుకోమని, తను కిటికీ దగ్గర కూర్చుని, ఈ రెండు క్షణాల కోసం కనిపెట్టుకుని ఉండేది.

"ముప్ఫై ఏళ్ళుగా ఒక్కసారీ చెప్పలేదేం?" అని నాన్నగారు అడిగారు.

"బస్సులో నలుగురి మధ్య ఏం చెప్తామండీ," అంది అమ్మ.

నాన్నగారు చాలాసేపు ఆ మడుగు వైపే చూశారు. తరవాత నెమ్మదిగా, ఆ రోజు క్లీనరు కుర్రవాడు ఒక్కడే డబ్బా పట్టుకుని అటూ ఇటూ పరిగెడుతుంటే, తాను కూడా రెండో డబ్బా అందుకుని ఈ మడుగులోనే నీళ్ళు ముంచి బస్సుకు పోశానని చెప్పారు. చీకటిపడేలోగా ఇల్లు చేరకపోతే గృహప్రవేశం ముహూర్తం దాటిపోతుందని భయం, కొత్త పెళ్ళికూతురిని కొండల్లో నిలబెట్టానని సిగ్గు. చేతులు వణికి సగం నీళ్ళు కొత్త పంచె మీద ఒలికాయట. ఆవిడ ఏడుస్తోందని ఆయనకు తెలియదు. ఆయన నీళ్ళు మోశారని ఆవిడకు తెలియదు. ఒకే మడుగుకు ఒకే సమయంలో ఆ చివర ఒకరు, ఈ చివర ఒకరు ఉన్నారన్నమాట. నేను గట్టు మీద నిలబడి వాళ్ళిద్దరినీ చూస్తూ ఉండిపోయాను. మావయ్య బీడీ ముట్టించుకుని, జీపుకు అవతలి వైపుకు వెళ్ళిపోయాడు.

కిందికి దిగి ఘాటు మొదట్లో ఉన్న అమ్మవారి గుడి దగ్గర ఆగాం. పైకి ఎక్కే ప్రతి లారీ అక్కడ ఒక్క క్షణం ఆగి చిల్లర వేసో, కొబ్బరికాయ కొట్టో కదులుతుంది. అక్కడినుంచి సాలూరు దగ్గరే. మా మేనమామగారింటికి వెళ్ళి భోజనం చేసి వద్దామని నేను అన్నాను. అమ్మ వద్దంది. "పుట్టింటికి ఎప్పుడూ వెళ్తూనే ఉంటాను. ఈ రోజు దారి చూడటానికి వచ్చాను," అంది. కొబ్బరికాయ కొట్టించి, చిప్ప ముక్కలు చేసి అందరికీ పెట్టి, జీపు వెనక్కి తిప్పమంది.

తిరిగి ఎక్కేటప్పటికి పొద్దు వాలుతోంది. కొండల నీడలు ఒకదాని మీద ఒకటి పడి, లోయలన్నీ నీలంగా నిండుతున్నాయి. పొద్దుటి మలుపులే అయినా ఎక్కేటప్పుడు అవన్నీ కొత్తగా ఉన్నాయి; దిగేటప్పుడు లోయ చూశాం, ఎక్కేటప్పుడు ఆకాశం చూశాం. గుడి దగ్గరనుంచి అమ్మ పెదవులు కదుపుతూ మలుపులు లెక్కపెడుతోంది. ఏడో మలుపు దగ్గర ఎవరూ అడగకుండానే మావయ్య జీపు ఆపాడు. ఇంజను వేడెక్కలేదని నాకు తెలుసు, ముల్లు సగానికి కూడా రాలేదు. ఆయన బోనెట్ ఎత్తి, "ఏటి బావగారూ, కాసిన్ని నీళ్ళు కావాలి," అన్నాడు.

నాన్నగారు సంతలో కొన్న ప్లాస్టిక్ బిందె తీసుకుని దిగారు. అమ్మ కూడా ఆయన వెనకాలే దిగి, మడుగు అంచున నిలబడి, ఆయన జారిపడకుండా చెయ్యి పట్టుకుంది.